జేబు లేని లాల్చీ

దెయ్యాలను నేను నమ్మను. నమ్మకపోవడానికి అందరికీ లేని కారణం ఒకటి నాకుంది. ఈ రెండేళ్ళుగా మా నందిగామలో పోయినవాళ్ళను లేపి, నిలబెట్టి, మాట్లాడించేది నేనే. మిఠాయి కొట్టువాడికి మిఠాయి మీద ఆశ ఉండదు. దెయ్యాల విషయంలో నా సంగతీ అంతే.

ఇప్పుడు చెప్పబోయేది చదివి మీరు నమ్మకపోయినా నేనేమీ అనుకోను. మా అక్క ఒక్కతి నమ్మితే చాలని మూడు నెలలు అల్లాడిపోయాను. ఆ మూడు నెలల సంగతే ఇది. జరిగింది జరిగినట్టు రాస్తున్నాను. నాకు తెలియనిచోట తెలియదనే రాశాను.

నా పేరు సాంబశివరావు. నందిగామలో పాత బస్టాండుకు దగ్గర్లో ఫొటో స్టూడియో నడుపుతున్నాను. భుజం మీద మూటంత వీడియో కెమెరా మోసిన రోజుల నుంచి డ్రోను ఎగరేసే రోజుల దాకా అన్నీ చూశాను. ఇప్పుడు కొత్తగా ఆశీర్వాదం వీడియో వచ్చింది. పెళ్ళికూతురి తండ్రో, పెళ్ళికొడుకు తాతో కాలం చేసి ఉంటే, ఇంట్లోవాళ్ళు ఆయన ఫొటో ఒకటి, ఫోనులో మిగిలిపోయిన గొంతు కాస్త తెచ్చి ఇస్తారు. నేను ఏఐతో ఆ మనిషిని తయారుచేసి, చెయ్యెత్తించి, చల్లగా ఉండమని దీవింపజేస్తాను. జీలకర్ర బెల్లం పెట్టిన వెంటనే వేదిక పక్కన పెద్ద తెర మీద ఆయన కనిపిస్తాడు. మండపం మొత్తం ముక్కులు చీదుతుంది. వంటవాళ్ళు కూడా గరిటెలు పట్టుకుని వచ్చి నిలబడతారు.

చూసేవాళ్ళకు అది స్వర్గం నుంచి వచ్చినట్టుంటుంది. నాకు మాత్రం ఎడమ చెవి సరిగా రాలేదనో, పెదవులు మాట కంటే కాస్త వెనకబడ్డాయనో కనిపిస్తుంది. ఒక పెద్దాయనకు ఆరు వేళ్ళు వచ్చాయి. ఆరో వేలితో దీవిస్తే బాగుండదని మళ్ళీ చేశాను.

ఈ పని మొదలుపెట్టాక ఊళ్ళో ఒక మార్పు వచ్చింది. అది నా వల్లే వచ్చిందని చెప్పను, కానీ నా పేరు కూడా అందులో కలిసింది. ఒక వానాకాలం మునేరు పొంగుతుంటే నా స్నేహితుడు ఒడ్డున నిలబడి వీడియో తీసి మా వాట్సాప్ గ్రూపులో పెట్టాడు. "ఇది మన సాంబడి ఏఐ అయ్యుంటుంది" అని ఎవడో రాశాడు. దాని కింద వరసగా నవ్వే బొమ్మలు పడ్డాయి. ఏటి ఒడ్డున మోటార్లు ఉన్నవాళ్ళు కూడా నవ్వారు. సాయంత్రానికి ఆ మోటార్లు నీళ్ళలో ఉన్నాయి.

నాన్నా పులి కథలో కుర్రవాడు అబద్ధాలాడాడు, అందుకే నిజం చెప్పినప్పుడు ఎవరూ రాలేదు. నా స్నేహితుడు ఎన్నడూ అబద్ధమాడినవాడు కాదు. అబద్ధాలు తయారుచేసేవాడు ఊళ్ళో వేరే ఉన్నాడు. వాడి పాపం వీడికి తగిలింది.

ఇంకొకసారి మైలవరం నుంచి ఒకాయన వచ్చాడు. నిక్షేపంలా బతికే ఉన్న వాళ్ళ అన్నయ్య తనకు క్షమాపణ చెబుతున్నట్టు వీడియో చెయ్యమన్నాడు. "ఎవరికీ చూపించనండీ. నేనొక్కణ్ణే చూసుకుంటా" అన్నాడు. అలాంటివి చెయ్యనని చెప్పి పంపించేశాను. ఆయన మెట్లు దిగి వెళ్తుంటే జాలేసింది. ఎందుకో ఆయన వీపు ఇప్పటికీ గుర్తుంది.

ఇక మా అక్క సంగతి. పేరు విజయలక్ష్మి. జగ్గయ్యపేటలో ఉంటుంది. నాకంటే ఏడేళ్ళు పెద్ద. మా అమ్మ మిరప తోటల్లోకి వెళ్తే నన్ను చంకనేసుకుని తిరిగింది అక్కే. నాకు ఎక్కాలు నేర్పింది, తప్పితే తొడపాశం పెట్టింది కూడా అక్కే. నేను స్టూడియో పెట్టిన రోజు మొదటి ఫొటో తనదే తీశాను. అందులో కళ్ళు మూసుకుంది. అది ఇంకా నా దగ్గరుంది.

మా బావ కోటేశ్వరరావు ముక్త్యాల వైపు ఒక సిమెంటు ఫ్యాక్టరీలో పనిచేసేవాడు. లారీలు తూచే వేబ్రిడ్జి దగ్గర గుమాస్తా. సాయంత్రం ఇంటికి వచ్చేసరికి కనుబొమ్మలు కూడా బూడిద రంగులో ఉండేవి. ఆరేళ్ళ కిందట ఒక మధ్యాహ్నం డ్యూటీలో కుర్చీలో కూర్చున్నవాడు కూర్చున్నట్టే బల్ల మీద తల వాల్చాడు. జగ్గయ్యపేట ఆసుపత్రికి తెచ్చేసరికి ప్రాణం లేదు. గుండెపోటన్నారు. బావకు అప్పటికే గుండె జబ్బుంది, మాత్రలు వాడుతున్నాడు.

అక్క పెద్దగా ఏడవలేదు. గుండె రాయి చేసుకుందని అందరూ మెచ్చుకున్నారు. కూతురు హారికను చదివించుకుంది, ఉద్యోగంలో చేర్చింది. అయితే ఆ రోజు నుంచి బావ మాట ఎత్తడం మానేసింది. గోడ మీద ఫొటోకు దండ మారుస్తుంది గాని ముఖం వంక చూడదు. కొన్నాళ్ళకు మేమూ ఆ మాట ఎత్తడం మానేశాం.

పోయిన శ్రావణంలో హారిక పెళ్ళి కుదిరింది. జగ్గయ్యపేటలో మంచి ముహూర్తానికి మండపం దొరకక నందిగామలో పెట్టుకున్నాం. పెళ్ళికి పది రోజుల ముందు హారిక స్టూడియోకి వచ్చింది.

"మామయ్యా, అందరికీ చేస్తావు. మా నాన్నకి చెయ్యవా?" అంది. "అమ్మకి మాత్రం చెప్పకు. వద్దంటుంది."

మేనమామను. పిల్ల నోరు తెరిచి అడిగింది. సరేనన్నాను. అక్కకు చెప్పకుండా చెయ్యడం నేను చేసిన తప్పు. ఆ తప్పు ఒప్పుకున్నాకే మిగతాది చెప్పాలి.

బావ మంచి ఫొటో ఒకటే దొరికింది, నా పెళ్ళిలో తీసింది. పట్టు పంచె, గంధం రంగు లాల్చీ. ఆ లాల్చీకి గుండె మీద జేబు లేదు. ఈ ముక్క గుర్తుపెట్టుకోండి. గొంతు కోసం హారిక హాస్టల్లో ఉన్నప్పుడు బావ పంపిన వాయిస్ మెసేజీలు వాడాను. తిన్నావా, పడుకున్నావా, ఫ్యాను కింద పడుకోకు, అన్నీ ఇవే. ఎన్ని విన్నా ఇంతకంటే పెద్ద సంగతి ఒక్కటీ లేదు. వింటూ వింటూ ఒక పూట పని ఆపి టీ తాగడానికి బయటికి వెళ్ళాను.

మాటలు నేనే రాశాను. "అమ్మలూ, నువ్వూ అల్లుడూ చల్లగా ఉండండి. అమ్మను చూసుకోండి." కుడి చెయ్యి పైకి లేస్తుంది, దీవిస్తుంది, చిన్న నవ్వు, ఆ నవ్వు మీదే బొమ్మ ఆగిపోతుంది. మొత్తం ముప్పై ఒక్క సెకన్లు. రెండుసార్లు చెడింది, మూడోసారి బాగా వచ్చింది. పెన్‌డ్రైవ్‌లో పెట్టే ముందు కనీసం ఇరవైసార్లు చూసి ఉంటాను. ఎడమ చెయ్యి ఆసాంతం కిందికే ఉంటుంది, అస్సలు కదలదు.

ముహూర్తం ఉదయం పదిన్నరకు. పెళ్ళిపనుల్లో రెండు రోజులుగా కంటి మీద కునుకు లేదు. ఆ ఉదయమంతా నాకు నీళ్ళలో నడుస్తున్నట్టుగా గుర్తుంది. తెల్లవారుజామున పడిన వాన వెలిసి, మండపం కిటికీల్లోంచి పల్చని ఎండ వస్తోంది. హోమం పొగ ఆ ఎండలో నిలబడిపోయింది. సన్నాయి మోగుతోంది, కానీ పక్క ఊళ్ళో మోగుతున్నట్టుంది. హారికను బుట్టలో కూర్చోబెట్టి మోసుకొచ్చి పీటల మీద దించాను.  అక్క పక్కకు వెళ్ళి నిలబడ్డాను.

ఇదంతా ఎందుకు రాస్తున్నానంటే, నిద్ర లేక కళ్ళు మోసం చేశాయని మీరు అనుకోవచ్చు. నేనూ అదే అనుకోవాలని చాలా ప్రయత్నించాను.

జీలకర్ర బెల్లం పెట్టారు. వీడియో తెర నడిపే నాగరాజు, కంచికచర్ల మనిషి, నా వంక చూశాడు. తలూపాను. తెర మీద బావ వచ్చాడు.

మండపమంతా ఒక్కసారి సద్దుమణిగింది. అక్క చెయ్యి నా మోచేతిని పట్టుకుంది. ఆ పట్టు చూసి, చెప్పకుండా ఎంత పని చేశాను అనుకున్నాను. తెర మీద బావ చెయ్యెత్తాడు. మాటలు అయ్యాయి. నవ్వాడు. అక్కడికి అయిపోవాలి.

అయిపోలేదు.

ఎత్తిన చెయ్యి కిందికి దిగింది. దిగి, ఎడమ వైపు గుండె మీద ఆగింది. జేబు ఉండవలసిన చోట రెండుసార్లు తట్టింది. తట్టి, బావ తలెత్తి మా వైపు చూశాడు. పెళ్ళికూతురి వైపు కాదు, కెమెరా వైపూ కాదు. ఏదో అడిగినట్టు కనుబొమలు కొద్దిగా లేపాడు. నాకు చెమట పట్టలేదు, ఒళ్ళు జలదరించలేదు. ఎండాకాలం మధ్యాహ్నం నిద్రలో లేవబోయి లేవలేనప్పుడు ఉంటుంది చూడండి, అలా ఉంది.

పక్కన అక్క తలూపింది. నెమ్మదిగా, మామూలుగా, రోజూ చేసే పనిలా.

"ఉంది" అంది.

తెర మీద పూలు వచ్చాయి. మంగళవాయిద్యాలు ఒక్కసారి గట్టిగా మోగాయి. అక్షింతలు పడ్డాయి. హారిక ఏడుస్తోంది, అందరూ ఏడుస్తున్నారు. అక్క మాత్రం నా మోచెయ్యి వదిలేసి, ఏమీ జరగనట్టు అక్షింతల పళ్ళెం అందుకుంది.

తాళి కట్టాక ఒక పక్కకు వెళ్ళి నాగరాజును అడిగాను. నవ్వు మీద క్లిప్పు ఆగింది, పూల బొమ్మ వేశానండీ అన్నాడు. తరవాత ఏమైనా చూశావా అంటే, తను తెర వైపు చూడలేదని, కంప్యూటర్ వైపే చూస్తున్నానని అన్నాడు. పెన్‌డ్రైవ్ తీసుకుని నా లాప్‌టాప్‌లో పెట్టి చూశాను. ముప్పై ఒక్క సెకన్లు. చెయ్యి పైకి లేస్తుంది, దీవిస్తుంది, నవ్వు, అంతే. చెయ్యి కిందికి దిగడమే లేదు.

అప్పుడే బావతో పనిచేసిన బాషా గారు భోజనాల వైపు వెళ్తూ నా దగ్గర ఆగారు. ఆయన కళ్ళు ఎర్రగా ఉన్నాయి. "అద్భుతంగా చేసారండీ సాంబశివరావు గారూ. జేబు తడుముకోవడం కూడా పెట్టారు. రోజూ ఫ్యాక్టరీ గేటు దాటే ముందు అచ్చం అలాగే తడుముకునేవాడండీ" అన్నారు.

 భోజనం చెయ్యండి అన్నాను.

తరవాత మరికొందరిని మాటల్లో పెట్టి అడిగాను. కొందరు గమనించలేదన్నారు. ఒకరిద్దరు చూసినట్టే ఉందన్నారు, కానీ నేను అడిగాక అన్నారు కాబట్టి వాళ్ళను సాక్షులుగా లెక్కవెయ్యను. పెళ్ళి వీడియో తీసిన కెమెరాలు రెండూ ఆ సమయంలో మనుషుల వైపు ఉన్నాయి. తెర ఎక్కడా పడలేదు. ఒకదాంట్లో అక్క ముఖం దగ్గరగా ఉంది. తలూపడం స్పష్టంగా కనిపిస్తుంది. కళ్ళజోడు అద్దాల్లో తెర నీడ పడింది. ఎంత పెద్దది చేసి చూసినా గంధం రంగు మచ్చ కనిపిస్తుందే గాని, చెయ్యి ఎక్కడుందో తెలియదు.

పదహారు రోజుల పండగ అయ్యాక అక్క ఫోన్ చేసి రమ్మంది. జగ్గయ్యపేట బస్సెక్కాను. చిల్లకల్లు దాటేదాకా ఏం చెప్పాలో అనుకుంటూనే ఉన్నాను. వెళ్ళగానే మంచినీళ్ళిచ్చి ఎదురుగా కూర్చుంది.

"నీకెవరు చెప్పారు?" అంది.

ఏమిటని అడిగాను. అప్పుడు చెప్పింది. ఆరేళ్ళలో మొదటిసారి.

రోజూ పొద్దున బావ బస్సుకి వెళ్ళే ముందు మాత్రల షీటు తీసుకుని ఆయన చొక్కా జేబులో పెట్టేది అక్కే. బావకు మతిమరుపు. వీధి మలుపు దగ్గర ఆగి, వెనక్కి తిరిగి, జేబు రెండుసార్లు తట్టి, ఉందా అన్నట్టు చూసేవాడు. అక్క గేటు దగ్గర నిలబడి, "ఉంది" అని తలూపేది. అప్పుడు గాని మలుపు తిరిగేవాడు కాదు. జబ్బు బయటపడినప్పటి నుంచీ ఇదే వరస.

ఆ రోజు మాత్రం పప్పులో ఉప్పు దగ్గర మొదలై మాటా మాటా పెరిగింది. అక్క జేబులో ఏమీ పెట్టలేదు. గేటు దగ్గరికి రాలేదు. కిటికీ పరదా వెనక నిలబడి చూసింది. బావ మలుపు దగ్గర ఆగాడు. వెనక్కి తిరిగి జేబు తట్టాడు. గేటు దగ్గర ఎవరూ లేరు. కాసేపు అలాగే చూసి వెళ్ళిపోయాడు. మాత్రల షీటు ఫ్రిజ్ మీదే ఉండిపోయింది. మధ్యాహ్నానికి ఫోన్ వచ్చింది.

"పరదా తియ్యడానికి ఎంతసేపురా? చెయ్యి చాపితే అందుద్ది. తియ్యలా నేను" అంది అక్క.

ఇంతకాలం దాన్ని కడుపులో పెట్టుకుని ఎలా తిరిగిందో నాకు అర్థం కాలేదు. దగ్గరికి వెళ్ళి చెయ్యి పట్టుకోబోయాను. వెనక్కి తీసుకుంది.

"బాషా గారు చెప్పుంటారు నీకు. నువ్వు పెట్టేసావు. నా మనసు కుదుటపడుద్దని పెట్టావు. అంతేనా?"

నేను పెట్టలేదని చెప్పాను. హారిక మీద ఒట్టేశాను. ఫోనులో క్లిప్పు తీసి చూపించాను. జేబు తట్టడం లేదు కదా అన్నాను. అక్క మొత్తం చూసి ఫోను నాకిచ్చేసింది.

"ఇప్పుడు తీసేసుంటావు. నీకు ఎంతసేపు పని?"

 మునేరు వీడియో పెట్టిన నా స్నేహితుడు గుర్తుకొచ్చాడు. ఏ వీడియో చూపించినా అది నేను చేసిందే. ఏ వీడియోలో లేకపోయినా అది నేను తీసేసిందే. కంటితో చూసిందీ చెవితో విన్నదీ కాదు, విచారించి తెలుసుకున్నదే నిజమని పెద్దలు అంటారు. విచారించడానికి నా దగ్గర మిగిలింది నా నోటి మాట ఒక్కటే. దాని విలువ నేనే పోగొట్టుకున్నాను.

అక్క అడిగింది చాలా చిన్నది. "నువ్వు చేస్తే చేసానని చెప్పు సాంబా, ఏమీ అనను. ఆయన అడిగితే ఉందని చెప్పా. అది ఆయనతో చెప్పానా, నీ కంప్యూటర్‌తో చెప్పానా? అదొక్కటి చెప్పు."

చేశానని అబద్ధం చెబితే తమ్ముణ్ణి క్షమించేస్తుంది, కానీ "ఉంది" అన్న ఆ ఒక్క మాటా గాల్లో కలిసిపోతుంది. చెయ్యలేదని నిజం చెబితే నమ్మదు. నమ్మనంటే నమ్మననే అంది. నేను నిజమే చెప్పాను. ఎందుకంటే అప్పటికి నాకు ఇంకో దారి తెలియలేదు. అక్క లేచి లోపలికి వెళ్ళిపోయింది.

రోజూ రాత్రి ఎనిమిదింటికి వచ్చే అక్క ఫోన్ ఆగిపోయింది. నేను చేస్తే ఎత్తేది, బాగున్నాననేది, పెట్టేసేది. నాకు అన్నం సయించలేదు. స్టూడియోలో కూర్చుని ఆ ముప్పై ఒక్క సెకన్లూ మళ్ళీ మళ్ళీ చూశాను. మొదట చెడిపోయిన రెండు వీడియోలూ చూశాను. ఎందులోనూ లేదు. ఏఐ ఒక్కోసారి మనం చెప్పనివి చేస్తుంది, నిజమే. కానీ చేస్తే ఫైలులో ఉండాలి. ఫైలులో లేనిది తెర మీదికి ఎలా వచ్చింది? ఒకవేళ రాలేదనుకుంటే, బాషా గారు ఏం చూశారు?

దీపావళి వెళ్ళిన రెండో రోజు భగినీ హస్త భోజనం. ఆ రోజు అన్నదమ్ములు అక్కచెల్లెళ్ళ ఇంట్లో, వాళ్ళ చేతి వంట తినాలి. నాకు ఊహ తెలిసినప్పటి నుంచి ఏ ఏడూ తప్పలేదు. ముందు రోజే ఫోన్ చేసి ఏం కూర చెయ్యమంటావని అడిగేది. ఈసారి ఫోన్ రాలేదు. పిలవని పేరంటానికి వెళ్ళకూడదంటారు. నేను వెళ్ళాను.

అక్క తలుపు తీసి నన్ను చూసింది.  పక్కకు తప్పుకుంది. వంటింట్లోంచి గుత్తివంకాయ వాసన వస్తోంది. అది నాకు ఇష్టమని ఆవిడకు తెలుసు. ఒక్కతీ అంత కూర వండుకోదు. నాకు అప్పుడే సగం ప్రాణం లేచొచ్చింది.

వడ్డించింది. తిన్నాను.  చెయ్యి కడుక్కుని వచ్చేసరికి అక్క స్టూలు వేసుకుని అటక మీది నుంచి ఒక ప్లాస్టిక్ కవరు తీస్తోంది. దాని మీద దుమ్ము మందంగా పేరుకుంది. మూతి దగ్గర చీర అంచు ముక్కతో గట్టిగా కట్టి ఉంది.

"ఆసుపత్రిలో ఇచ్చారు. ఆ రోజు ఒంటి మీదున్న చొక్కా" అంది. "మిగతా బట్టలన్నీ ఇచ్చేసా. ఇది ఇవ్వలా. విప్పి చూడనూ లేదు. ఉంది అని చెప్పేసా కదరా పెళ్ళిలో. అప్పట్నుంచీ నా ప్రాణం దీని మీదే ఉంది. ఒక్కదాన్నే విప్పలేకపోయా."

నేను ముడి విప్పాను. నా వేళ్ళకు చాలాసేపు పట్టింది. నీలం గళ్ళ చొక్కా. మడతల్లో ఇంకా సన్నగా సిమెంటు దుమ్ముంది. కవరు తెరవగానే బావ ఇంట్లోకి వచ్చినప్పటి వాసన వచ్చింది. అక్క చొక్కాను ఒళ్ళో వేసుకుంది. చాలాసేపు జేబు ముట్టుకోలేదు. తరవాత బయటి నుంచి రెండుసార్లు తట్టింది. ఏదో గరగరమంది.

లోపల ఒక పెన్ను మూత, ఒక మాత్రల షీటు ఉన్నాయి. అక్క రోజూ పెట్టే మాత్రలే. అయితే ఇంట్లో షీటు ఆ రోజు ఫ్రిజ్ మీద ఉంది. ఇది వేరేది, కొత్తది. మలుపు దగ్గర జేబు తడుముకుని, లేదని తెలిసి, బస్సెక్కే ముందు మందుల షాపులో కొనుక్కున్నాడు. పది గదుల్లో ఒకటి ఖాళీ. ఒకటి వేసుకున్నాడు కూడా. వేసుకున్నా గుండె ఆగింది.

అక్క ఆ షీటును అరచేతిలో పెట్టుకుని కూర్చుంది.  అప్పుడు తలెత్తి, ఎంతో నెమ్మదిగా అడిగింది.

"ఇది కూడా నువ్వే పెట్టావా?"

నాకు కోపం రాలేదు. ఏడుపొచ్చింది. అంత దుమ్ము పేరుకున్న కవరు, తను కట్టిన ముడి, తన ఇంటి అటక. అయినా అడిగింది. అడగక తప్పని స్థితికి తనను తెచ్చింది నేనే. లేదక్కా అన్నాను, అంతే. ఇంకో ఒట్టు వెయ్యడానికి నోరు రాలేదు.

అక్క కళ్ళజోడు పెట్టుకుంది. షీటు తీసుకుని కిటికీ దగ్గరికి వెళ్ళింది. పరదా పక్కకు లాగింది. వెండి కాగితం మీద చెరిగిపోతున్న అక్షరాలను ఎండలో అటూ ఇటూ తిప్పి చదివింది. మూడేళ్ళ కిందటే గడువు తీరిన మందు. ఇంకోసారి చదివింది. తరవాత నా వైపు తిరగకుండా, "ఇంత పాతవి నువ్వెక్కడ తెస్తావులే" అంది.

అలా అంటూనే ఏడ్చింది. ఆరేళ్ళది ఒక్కసారిగా వచ్చింది. పక్కింటివాళ్ళు వచ్చి చూసి వెళ్ళారు. నేను ఆపలేదు. ఏడుపు తగ్గాక, పెరుగన్నం తినకుండా లేచానని నన్ను తిట్టి మళ్ళీ కంచం పెట్టింది.

ఇప్పుడు ఆశీర్వాదం వీడియోల కింద, ఇది కంప్యూటర్‌లో చేసిన బొమ్మ అని పెద్ద అక్షరాలతో వేస్తున్నాను. శుభమా అని పెళ్ళి చేసుకుంటుంటే అదేమిటని కొందరు తీసెయ్యమంటారు. తియ్యనంటే వేరే స్టూడియోకి వెళ్తారు. వెళ్ళనీ.

ఆ మాత్రలకు కారణం ఉంది. బావ కొనుక్కున్నాడు. షీటు ఫ్రిజ్ మీద ఉండిపోవడానికి కారణం ఉంది. జేబు లేని లాల్చీ మీద ఆ చెయ్యి రెండుసార్లు ఎందుకు తట్టిందో, ఎలా తట్టిందో మాత్రం నాకు తెలియదు. నేను చెయ్యలేదు. ఇంతకంటే గట్టిగా చెప్పడానికి నాకు మాటలు లేవు. అక్క కూడా మళ్ళీ అడగలేదు. నమ్మిందో, అడగడం మానేసిందో తెలియక ఆ సాయంత్రం బయల్దేరాను.

వెళ్ళొస్తానక్కా అని గేటు దాటాను. వీధి మలుపు దగ్గరికి వచ్చాక ఎందుకో ఆగాను. వెనక్కి తిరిగాను. నా చెయ్యి గుండె మీదికి వెళ్ళి రెండుసార్లు తట్టింది. కావాలని చేశానో, దానంతటదే వెళ్ళిందో చెప్పలేను. నేను వేసుకున్నది టీ షర్టు. దానికి జేబు లేదు.

అక్క గేటు దగ్గరే నిలబడి ఉంది. చాలాసేపు కదలకుండా నా వైపు చూసింది. తరవాత తలూపింది.